1,300 కుర్చీలు, 46 పాటలు

న్యూయార్క్‌లో 46వ వీధిలో రిచర్డ్ రాడ్జర్స్ థియేటర్ ఉంది. అందులో సుమారు 1,300 కుర్చీలు. అక్కడి నాటకరంగమైన బ్రాడ్‌వే అలవాటు ప్రకారం వారానికి 8 ఆటలు. ప్రతి ఆటా హౌస్‌ఫుల్ అనుకున్నా వారానికి 10,400 మంది, ఏడాదికి 5 లక్షల 40 వేల మంది. అంతకు మించి పెద్దగా పట్టరు. 2015 ఆగస్టు 6న 'హామిల్టన్' అనే సంగీత నాటకం ఆ థియేటర్‌లో మొదలైంది. అదే ఏడాది సెప్టెంబర్ 25న నాటకంలోని పాటలు డిజిటల్ ఆల్బమ్‌గా వచ్చాయి. ఆల్బమ్‌లోనూ 46 పాటలే. వీధి నంబరుకూ దీనికీ సంబంధం లేదు, ఊరికే కలిసొచ్చిన అంకె. కానీ ఈ కథనంలో కొన్ని లెక్కలు ఆ అంకె చుట్టూనే తిరుగుతాయి.

2023లో అమెరికా రికార్డింగ్ కంపెనీల సంఘం ఆర్‌ఐఏఏ ఈ ఆల్బమ్‌కు 'డైమండ్' గుర్తింపు ఇచ్చింది. కోటి యూనిట్లు చెల్లితేనే ఇచ్చే గుర్తింపు అది. నాటకం పాటల ఆల్బమ్ దేనికైనా డైమండ్ రావడం అదే మొదలు. కోటి మంది ఆ థియేటర్‌లో కూర్చుని నాటకం చూడాలంటే, ఒక్క కుర్చీ ఖాళీ లేకుండా ఆడినా పద్దెనిమిదిన్నర ఏళ్లు పడుతుంది.

అయితే యూనిట్ అంటే మనిషి కాదు, ఆల్బమ్ కొన్నవాడూ కాదు. అదేమిటో తెలియాలంటే ముందు ఈ ఆల్బమ్‌లు ఎలా తయారవుతాయో చూడాలి. మన దగ్గర సినిమా పాటలు సినిమా కంటే ముందే మార్కెట్లోకి వస్తాయి. పాట హిట్టయితే టికెట్టు తెగుతుందని లెక్క. బ్రాడ్‌వేలో మామూలుగా ఇది తలకిందులు. నాటకం మొదలై ఆడుతుంటే, సెలవు రోజు చూసుకుని నటీనటులనూ వాద్యకారులనూ స్టూడియోకు పిలిచి, ఒకటి రెండు రోజుల్లో పాటలన్నీ ముగిస్తారు. నటుల సంఘం నియమం ప్రకారం స్టూడియోలో గడిపిన ఒక్కో రోజుకు ఒక వారం జీతం ఇవ్వాలి. అందుకే ఎవరూ తీరిగ్గా టేకుల మీద టేకులు తీసుకోరు. ఇలా వచ్చేదాన్ని క్యాస్ట్ ఆల్బమ్ అంటారు.

ఇక యూనిట్. ఒకప్పుడు ఒక డిస్కు అమ్ముడైతే ఒకటి అని రాసుకునేవారు. పాటలు విడివిడిగా డౌన్‌లోడ్ కావడం, ఆ తర్వాత ఎవరూ ఏదీ కొనకుండానే వినడం మొదలయ్యాక ఆ లెక్క చెల్లలేదు. బిల్‌బోర్డ్ పత్రిక తన ఆల్బమ్ పట్టికకు 2014 డిసెంబర్‌లో, ఆర్‌ఐఏఏ తన గుర్తింపులకు 2016 ఫిబ్రవరిలో కొత్త తూకం తెచ్చాయి. ఒకే ఆల్బమ్‌లోని 10 పాటలు డౌన్‌లోడ్ అయితే ఒక యూనిట్. అదే ఆల్బమ్ పాటలు 1,500 సార్లు స్ట్రీమ్ అయినా ఒక యూనిట్.

ఈ తూకంలో ఒక తమాషా ఉంది. 12 పాటలున్న మామూలు పాప్ ఆల్బమ్‌ను మొదటి నుంచి చివరిదాకా ఎన్నిసార్లు వింటే 1,500 అవుతుంది? 125 సార్లు. 46 పాటలున్న హామిల్టన్ అయితే 33 సార్లు చాలు. పాటలు ఎన్ని ఎక్కువ ముక్కలైతే యూనిట్ అంత త్వరగా పండుతుంది. స్పాటిఫైలో 30 సెకన్లు వింటే ఒక స్ట్రీమ్ కిందే జమ. హామిల్టన్‌లో భర్త చివరిసారి ఇల్లు వదిలి వెళ్లే ముందు వచ్చే చిన్న పాట 47 సెకన్లు. మొదటి అంకాన్ని ముగించే పాట 6 నిమిషాలు దాటుతుంది. లెక్కలో రెండూ ఒకటే. ఎవరో కుట్ర పన్ని ముక్కలు చేశారని కాదు. మొదటి మాట నుంచి చివరి మాట దాకా పాటగానే నడిచే నాటకం అది, మధ్యలో మాటలు దాదాపు లేవు. అలాంటి రచనను ఎక్కడో ఒకచోట కోయక తప్పదు. ఆ కోత స్ట్రీమింగ్ కాలానికి కలిసొచ్చింది, అంతే.

2018లో బిల్‌బోర్డ్ దీన్ని కొంచెం సరిచేసింది. డబ్బు కట్టి వినేవాళ్లవి 1,250 స్ట్రీములైనా, ప్రకటనలు భరించి ఉచితంగా వినేవాళ్లవి 3,750 స్ట్రీములైనా ఒక యూనిట్ అంది. ఆ లెక్కన హామిల్టన్‌ను చందాదారు 28 సార్లు, ఉచిత శ్రోత 82 సార్లు వినాల్సి వచ్చేది. ముక్కల సంగతి మాత్రం అలాగే వదిలేసింది.

ఆ ఆల్బమ్ వచ్చిన ఏడాది కూడా గమనించదగ్గది. 2015లో అమెరికా సంగీత వ్యాపారం రాబడిలో స్ట్రీమింగ్ వాటా 34.3 శాతం, డౌన్‌లోడ్ల వాటా 34.0 శాతం. వెంట్రుకవాసి తేడాతో వినేవాళ్ల డబ్బు డౌన్‌లోడ్లు కొనేవాళ్ల డబ్బును దాటిన సంవత్సరం అది. 2012లో డౌన్‌లోడ్లు 43 శాతం దాకా ఎగబాకాయి. 2023 నాటికి 3 శాతానికి జారాయి. స్ట్రీమింగ్ 84 శాతానికి చేరింది. హామిల్టన్ మొదటి వారం సుమారు 30 వేల యూనిట్లతో బిల్‌బోర్డ్ పట్టికలో 12వ స్థానంలో దిగింది. అందులో అత్యధిక భాగం నిజంగా డబ్బిచ్చి డౌన్‌లోడ్ చేసుకున్నవే. ఆ తర్వాతి సంవత్సరాల్లో దాన్ని మోసింది స్ట్రీమింగ్. ఒకే ఆల్బమ్ రెండు కాలాల్లోనూ కాలు పెట్టింది.

డౌన్‌లోడ్‌కూ స్ట్రీమ్‌కూ డబ్బులో తేడా ఎంత? ఆపిల్ 2003 ఏప్రిల్ 28న ఐట్యూన్స్ దుకాణం తెరిచినప్పుడు పాట ధర 99 సెంట్లు. అందులో సుమారు 70 సెంట్లు రికార్డు కంపెనీకి వెళ్లేవి. స్ట్రీమింగ్‌లో పాటకింత అని కట్టిన రేటు లేదు. చందాల మొత్తాన్ని పోగేసి పంచుతారు. అమెరికాలో ఒక్కో స్ట్రీముకు సెంటులో మూడో వంతు, కాస్త అటూఇటూ పడుతుందని వ్యాపారంలో అందరూ వేసుకునే అంచనా. 0.35 సెంటు అనుకుందాం. 70ని దానితో భాగిస్తే 200 వస్తుంది. అంటే ఒక్క పాట కొన్న శ్రోత ఇచ్చిన డబ్బు ఇవ్వాలంటే ఊరికే వినే శ్రోత దాన్ని 200 సార్లు వినాలి. 2014 నాటి పట్టిక తూకంలో ఈ నిష్పత్తి 150. పట్టికవాళ్లు మరీ గాలిలోంచి తీసిన అంకె కాదన్నమాట.

నాటకం పాటలకు ఇక్కడే ఇంకో అనుకూలం. పాప్ పాట ఒక సీజన్ మోగి పోతుంది. నాటకం పాటను బట్టీ పట్టేదాకా వింటారు. బడిలో, కాలేజీలో ఆ వేషం వేయబోయే పిల్లలు వందసార్లు వింటారు. 200 సార్లు అన్న అంకె వాళ్లకు పెద్ద దూరం కాదు. మన దగ్గర రాయబారం పద్యాలు నేర్చుకున్నవాళ్లు ముల్లు అరిగేదాకా రికార్డు తిప్పిన సంగతి తెలిసినవారికి ఇది కొత్తగా ఉండదు.

ఆ మాట వచ్చింది కాబట్టి, వస్తువుగా ఈ ఆల్బమ్ ఎంత బరువుండేదో చూద్దాం. హామిల్టన్ నిడివి 2 గంటల 22 నిమిషాలు, అంటే 142 నిమిషాలు. నిమిషానికి 78 చుట్లు తిరిగే పది అంగుళాల లక్క రికార్డులో పక్కకు మూడు నిమిషాలు పడతాయి. ఆ లెక్కన 24 రికార్డులు కావాలి, ఒక చిన్న ట్రంకుపెట్టె. లాంగ్‌ప్లే రికార్డులో పక్కకు 22 నిమిషాలు చొప్పున 4 రికార్డులు. సీడీ అయితే రెండు. 256 కిలోబిట్ల ఫైలుగా అయితే 273 మెగాబైట్లు. టెలిఫోన్ తీగ మీద 56 కిలోబిట్ల మోడెమ్‌తో అది దిగడానికి 10 గంటల 50 నిమిషాలు పట్టేది, అదీ మధ్యలో ఎవరూ ఫోను ఎత్తకపోతే. సెకనుకు 20 మెగాబిట్లు ఇచ్చే మొబైల్ డేటాలో రెండు నిమిషాల లోపే.

మొదటి పెద్ద క్యాస్ట్ ఆల్బమ్ లక్క రికార్డుల కాలానిదే. 1943 మార్చి 31న మొదలైన 'ఓక్లహోమా!' పాటలను అసలు నటులతో, అసలు వాద్యబృందంతో డెక్కా కంపెనీ అదే ఏడాది రికార్డు చేసింది. 6 రికార్డులు, 12 పక్కలు. ఆ సెట్టు పది లక్షలు దాటి అమ్ముడైంది. మన దగ్గర అంతకుముందే పౌరాణిక నాటకాలను డ్రామా సెట్లుగా అమ్మేవారు. మూడు నిమిషాలకు పక్క అయిపోతుంది కాబట్టి వేదిక మీద పది నిమిషాలు సాగే రాగం రికార్డులో రెండు గమకాలకు తగ్గేది. వేదిక మీద జనం 'వన్స్ మోర్' అంటే నటుడు చచ్చిన వేషంలోంచి లేచొచ్చి మళ్లీ పద్యం అందుకునేవాడు. రికార్డుకు ఆ బాధ లేదు, ముల్లు వెనక్కి పెడితే సరి.

1948లో లాంగ్‌ప్లే రావడం బ్రాడ్‌వేకు వరం. నాటకం పాటలన్నీ ఒక్క డిస్కులో ఇమిడాయి. 'సౌత్ పసిఫిక్' 1949లో వచ్చి మొత్తం 69 వారాలు మొదటి స్థానంలో కూర్చుంది. 1956లో 'మై ఫెయిర్ లేడీ' నాటకానికి దాదాపు 4 లక్షల డాలర్ల పెట్టుబడి మొత్తం పెట్టింది కొలంబియా రికార్డుల యజమాని సీబీఎస్ సంస్థే. పాటలు అమ్ముకునే హక్కు కోసం ఏకంగా నాటకాన్నే కొన్నారన్నమాట. మార్చి 15న నాటకం మొదలైతే మార్చి 25 ఆదివారానికల్లా రికార్డింగ్ ముగించారు. ఆ నాటకం 2,717 ఆటలు ఆడింది, ఆల్బమ్ బిల్‌బోర్డ్ పట్టికలో 480 వారాలు ఉంది. తొమ్మిదేళ్ల పైమాట. 1969లో 'హెయిర్' 13 వారాలు మొదటి స్థానంలో ఉండి దిగింది. ఆ తర్వాత క్యాస్ట్ ఆల్బమ్‌లకు ఆ స్థానం మళ్లీ దక్కలేదు. రాక్ సంగీతం రేడియోను ఏలింది, బ్రాడ్‌వే పాట తన వీధికి పరిమితమైంది.

42 ఏళ్ల తర్వాత ఆ తలుపు కొద్దిగా తెరిచింది డౌన్‌లోడ్. 2011 జూన్‌లో 'ది బుక్ ఆఫ్ మోర్మన్' నాటకానికి బ్రాడ్‌వే నాటకాలకిచ్చే టోనీ అవార్డులు 9 వచ్చిన వారం, అమెజాన్ 16 పాటల ఆ ఆల్బమ్‌ను 1.99 డాలర్లకు పెట్టింది. పాట 12 సెంట్లకు వచ్చినట్టు. వారంలో 61 వేల కాపీలు పోయి అది మూడో స్థానానికి ఎక్కింది. ఆ రోజుల్లో డౌన్‌లోడ్ అయిన ఒక్కో పాటకు రచయితకూ సంగీతకర్తకూ కలిపి చెల్లించాలని అమెరికా చట్టం కట్టిన రేటు 9.1 సెంట్లు. నాటకాలకు విడి ఒప్పందాలు ఉంటాయి కాబట్టి సరిగ్గా ఇంతే చెల్లిందని కాదు గానీ, కొలబద్దగా తీసుకుంటే 16 పాటలకు 1.46 డాలర్లు. 1.99లో మిగిలేది 53 సెంట్లు. పాడినవాళ్లకు, వాయించినవాళ్లకు, తీసినవాళ్లకు, అమ్మినవాళ్లకు కలిపి! అదే ఏడాది చివర్లో బిల్‌బోర్డ్ ఒక నియమం పెట్టింది. కొత్త ఆల్బమ్‌ను మొదటి నాలుగు వారాల్లో 3.49 డాలర్ల కంటే తక్కువకు అమ్మితే ఆ అమ్మకం పట్టికకు ఎక్కదని. కారణం వేరే పాప్ ఆల్బమ్ గొడవ గానీ, ఆ తరహా చవక బేరాలకు అక్కడితో కళ్లెం పడింది.

హామిల్టన్ ఆ మూడో స్థానాన్ని దాటింది, కానీ 2015లో కాదు. 2016లో వేదిక మీదే చిత్రీకరించిన నాటకాన్ని డిస్నీ ప్లస్ 2020 జూలై 3న విడుదల చేసింది. మహమ్మారి వల్ల బ్రాడ్‌వే థియేటర్లన్నీ మూతపడి ఉన్న సమయం. ఆ నెలలో ఐదేళ్ల పాత ఆల్బమ్ రెండో స్థానానికి వెళ్లింది. 1,300 కుర్చీల్లో ఒక్కరు కూడా లేని రోజుల్లో.

ఇన్ని నాటకాల్లో నాకు అన్నిటికంటే ఆసక్తి కలిగించేది 'బీ మోర్ చిల్'. 2015 వేసవిలో న్యూజెర్సీలోని రెడ్ బ్యాంక్ అనే ఊళ్లో టూ రివర్ థియేటర్ దాన్ని నెల రోజులు ఆడించింది. సమీక్షలు అంతంత మాత్రం. నాటకం అక్కడితో ముగిసింది. కానీ పాటలు రికార్డు చేసి పెట్టారు, అవి ఆ అక్టోబర్‌లో విడుదలయ్యాయి. ఒకటి రెండేళ్లు ఏమీ జరగలేదు. తర్వాత హైస్కూలు పిల్లలు ఒకరి నుంచి ఒకరు అందుకున్నారు. పార్టీలో స్నేహితుడు పట్టించుకోక బాత్రూములో దాక్కున్న కుర్రాడు పాడే పాట వాళ్లకు తమదే అనిపించింది. ఆల్బమ్ 15 కోట్ల స్ట్రీములు దాటింది. ఆ అంకె చూసి 2018లో నాటకాన్ని న్యూయార్క్ తెచ్చారు, 2019 మార్చి 10న బ్రాడ్‌వేలో సుమారు 900 కుర్చీల లైసియం థియేటర్‌లో పెట్టారు.

ఇప్పుడు ఆ 15 కోట్లను విప్పి చూద్దాం. 1,500తో భాగిస్తే లక్ష యూనిట్లు. ఆల్బమ్‌లో ఇరవై పాటలు అనుకుంటే మొత్తం ఆల్బమ్ 75 లక్షల సార్లు విన్నట్టు. ఒక అభిమాని సగటున 50 సార్లు విన్నాడనుకుంటే లక్షన్నర మంది. 0.35 సెంటు చొప్పున రాబడి అయిదు లక్షల డాలర్ల చిల్లర. 15 కోట్లు అన్నప్పుడు కళ్లు తిరుగుతాయి, లక్షన్నర మంది అన్నప్పుడు అంత తిరగవు. పైగా వాళ్లు దేశమంతా చెదిరి ఉన్న బడిపిల్లలు. మన్‌హాటన్ వచ్చి వంద డాలర్ల టికెట్టు కొనే స్థోమత ఎందరికి? నాటకం 177 ఆటలు ఆడి ఆగస్టు 11న మూతపడింది, పెట్టుబడి తిరిగి రాలేదు. అయినా దాన్ని ఓటమి అనడానికి నోరు రాదు. 2015లోనే చచ్చిపోయిన నాటకానికి ఒక ఫైలు ప్రాణం పోసి బ్రాడ్‌వే దాకా నడిపించింది. 'ఎపిక్' అనే సంగీత నాటకమైతే వేదికే అక్కర్లేదంది. గ్రీకు వీరుడు ఒడిస్సియస్ ఇంటికి తిరిగొచ్చే కథను 40 పాటలు, 9 భాగాలుగా 2022 డిసెంబర్ నుంచి 2024 డిసెంబర్ దాకా నేరుగా ఇంటర్నెట్‌లోనే విడుదల చేశారు.

వినేవాళ్లకు పనికొచ్చే సంగతి ఒకటి. ఎంపీ3 ఫైలు శబ్దాన్ని 1,152 నమూనాల ముక్కలుగా దాస్తుంది. సెకనుకు 44,100 నమూనాల లెక్కన ఒక్కో ముక్క సెకనులో వెయ్యింట 26 వంతులు. పాట సరిగ్గా ముక్క అంచున ముగియదు కాబట్టి మిగిలిన చోట నిశ్శబ్దం నింపుతుంది. రెండు విడి పాటల మధ్య అయితే ఎవరికీ తెలియదు. ఒక పాట చివరి దరువు మీదే తర్వాతి పాట ఎత్తుకునే నాటకంలో ఆ చిన్న తడబాటు చెవికి రాయిలా తగులుతుంది. ఐట్యూన్స్, ఐపాడ్ 2006లో దీన్ని సవరించాయి. మీ ఫోనులోని ప్లేయర్‌లో 'గ్యాప్‌లెస్' అనే మీట ఉంటే నొక్కి ఉంచండి, 'షఫుల్' మీట మాత్రం ఆపండి. మూడో అంకం తర్వాత మొదటి అంకం వినడం పెళ్లి భోజనంలో ముందు తాంబూలం వేసుకున్నట్టే.

'డౌన్‌లోడ్' అన్న మాటకు ఇప్పుడు రెండు అర్థాలు. డబ్బిచ్చి ఫైలు కొంటే అది మీ డిస్కులో ఉంటుంది. స్పాటిఫై చందాతో దింపుకునేది అద్దె సామాను. 30 రోజుల్లో ఒక్కసారైనా నెట్‌కు కలపకపోతే మోగదు, చందా ఆపితే పోతుంది. చిన్న నాటక బృందాలకు ఇంకో చిక్కు వచ్చింది. 2024 నుంచి స్పాటిఫైలో గడిచిన 12 నెలల్లో 1,000 స్ట్రీములు దాటని పాటకు పైసా రాదు. ముక్కలు ఎక్కువైతే లాభమని పైన చెప్పుకున్నాం. పేరున్న నాటకానికే అది లాభం. ఎవరికీ తెలియని నాటకంలో 30 ముక్కలుంటే, నాలుగు పాటలు గీత దాటి 26 కిందే ఉండిపోతాయి. అలాంటివాళ్లు బ్యాండ్‌క్యాంప్ లాంటి చోట ఫైలుగా అమ్ముకోవడం మేలు. అక్కడ డిజిటల్ అమ్మకం మీద కమిషన్ 15 శాతం.

పాతవి ఉచితంగా దింపుకోవచ్చా అని అడిగేవారికి సమాధానం ఏ దేశంలో ఉన్నారన్న దాన్ని బట్టి ఉంటుంది. 1943 నాటి ఓక్లహోమా! రికార్డింగ్‌కు అమెరికాలో వందేళ్ల రక్షణ, 2043 చివరి దాకా. భారత చట్టం రికార్డింగ్‌కు ఇచ్చేది 60 ఏళ్లే కాబట్టి ఇక్కడ 2003తో తీరింది. కానీ రికార్డింగ్ ఒక్కటే సరిపోదు. పాటల రచయిత ఆస్కర్ హామర్‌స్టైన్ 1960లో పోయారు, మరణం తర్వాత 60 ఏళ్లు లెక్కేస్తే సాహిత్యం 2020తో తీరింది. బాణీలు కట్టిన రిచర్డ్ రాడ్జర్స్ 1979 దాకా ఉన్నారు. సంగీతానికి ఇంకా పదేళ్ల పైచిలుకు హక్కు మిగిలే ఉంది. రాయబారం పద్యాల దారి ఇంతకంటే సులువు. తిరుపతి వేంకట కవుల్లో చెళ్లపిళ్ల వేంకటశాస్త్రి 1950లో కన్నుమూశారు, 2010తో ఆ పద్యాలు అందరివీ అయ్యాయి. 60 ఏళ్లు నిండిన 78 చుట్ల రికార్డుల గడువూ దాటింది. ఆ లక్కపళ్లేలు పగలకముందే ఫైలుగా మార్చుకోవడానికి చట్టం అడ్డు రాదు.

ఇంతకీ ఆ 46 పాటల్లోనూ హామిల్టన్ పూర్తిగా లేదు. కథానాయకుడి ఆప్తమిత్రుడు యుద్ధంలో చనిపోయాడని ఉత్తరం వచ్చే దృశ్యం ఒకటి వేదిక మీద ఉంటుంది. ఆ ఒక్క దృశ్యాన్ని రచయిత లిన్-మాన్యుయెల్ మిరాండా కావాలనే ఆల్బమ్‌లో పెట్టలేదు. కంఠతా వచ్చేదాకా పాటలు విని థియేటర్‌కు వెళ్లినవాళ్లు అక్కడ ఉలిక్కిపడేవారు. టికెట్టు దొరకనివాళ్లు 2020 జూలైలో సినిమా వచ్చేదాకా, దాదాపు ఐదేళ్లు, దాని కోసం ఆగారు.